కెమెరా కోసం ఇచ్చిన పలక

నేను డిగ్రీ పాసయ్యాను. ఈ ముక్క ముందే చెప్పేయకపోతే మిగిలింది నెమ్మదిగా చెప్పడం నా వల్ల కాదు. ముప్పై దాటాక, పెళ్ళయ్యాక, పిల్లవాణ్ణి బడికి పంపి వచ్చి పుస్తకం ముందు కూర్చుని, దూరవిద్యలో పాసయ్యాను. నాయన వైపు గానీ అమ్మ వైపు గానీ ఇంతవరకూ డిగ్రీ దాకా వెళ్ళినవాళ్ళు లేరు. ఫోన్లో రిజల్టు కనబడేసరికి హఫీజ్‌పేట్ స్టేషన్ మెట్ల మీద ఉన్నాను. అక్కడే నిలబడిపోయి, పక్కన పూలమ్మే ఆమెకు చెప్పాను. "సల్లగుండు బిడ్డా, మరి ఒక మూర తీస్కో" అందామె. తీసుకున్నాను. ఆ మల్లెపూలు జడలో పెట్టుకునే ఇంటికి వెళ్ళి, రొట్టెలు కొడుతున్న అమ్మ ముందు ఫోన్ పెట్టి "అమ్మా, పాసైన!" అని అరిచాను. అమ్మ పిండి చేతులు కొంగుకు తుడుచుకుని, ఫోన్‌ని దూరంగా పట్టుకుని చూసింది.

"గీ ఫోన్ల వచ్చిందా? కాయితం ఇయ్యరా?"

"తర్వాత ఇస్తరమ్మా."

"ఇచ్చినంక చూద్దాం. అప్పటిదాంక వాడకట్టుల ఎవ్వలకు చెప్పకు. మళ్ళ కాదంటే నవ్వుతరు."

అప్పటికే పూలమ్మే ఆమెకూ, ఆమె పక్కన జామకాయలమ్మే అతనికీ, ఒక ఆటో డ్రైవరుకూ తెలిసిపోయిందని అమ్మకు చెప్పలేదు. అమ్మను తప్పు పట్టడం లేదు. అనుమానం మా ఇంట్లో వంటగిన్నెల్లాగా ఒకరి చేతి నుంచి ఒకరి చేతికి వచ్చింది. అది మొదలైంది అవ్వతో. మా నాయన తల్లిని మేం అవ్వ అనేవాళ్ళం. ఆమె చనిపోయి చాలా ఏళ్ళయింది. ఆమె ఫోటో ఒక్కటి కూడా మా ఇంట్లో లేదు. దిగనిచ్చేది కాదు. ఎవరైనా కెమెరా ఎత్తితే కొంగు మొహం మీదికి లాక్కుని గోడవైపు తిరిగేది. ఆధార్ కార్డుల కాలం దాకా ఉండి ఉంటే దానికైనా దిగేదో లేదో!

అవ్వ ప్రతిదాన్నీ వాసన చూసేది. రేషన్ బియ్యం, ట్యాంకరు నీళ్ళు, దవాఖానలో ఇచ్చిన గోలీ, పండక్కి మేస్త్రీ ఇచ్చిన కొత్త చీర, ఏదైనా సరే ముందు ముక్కు దగ్గరికి పోవాలి. చూసి, కాసేపు ఆలోచించి, ఆ తర్వాతే ఒళ్ళో పెట్టుకునేది. తోపుడుబండివాడు మంచి వంకాయ ఎత్తి చూపిస్తే వంకాయను కాదు, అతని రెండో చేతిని చూసేది. "సూపెట్టే చెయ్యి సూపెడ్తనే ఉంటది. సంచిల ఏసే చెయ్యి ఏం జేస్తున్నదో సూడాలె గద" అనేది. అందరూ నవ్వేవాళ్ళు. పుచ్చు వంకాయలు మాత్రం మా సంచిలోకి ఎప్పుడూ రాలేదు.

మేం పాలమూరు వైపు నుంచి పనికి వచ్చినవాళ్ళం. మాదాపూర్‌లో ఇప్పుడు అద్దాల మేడలున్న చోట, రాళ్ళ మధ్య, రేకుల గదుల వరుసలో నా చిన్నతనం గడిచింది. ఆ రోజులు తల్చుకుంటే నాకు ముందు గుర్తొచ్చేది ఇంజన్ ఆయిల్ వాసన. స్లాబు పోసేటప్పుడు కింద చెక్కలు ఆనిస్తారు. సిమెంటు వాటికి పట్టుకోకుండా వాడేసిన ఇంజన్ ఆయిల్ పూస్తారు. విరిగిపోయి పనికిరాని చెక్కలు మా పొయ్యిల్లోకి వచ్చేవి. అవ్వ ముందు కూర్చుని ఒక్కో చెక్కలోంచి మేకులు పీకి డబ్బాలో వేసుకుని, అప్పుడు పొయ్యిలో పెట్టేది. నల్లటి పొగ లేచేది. జొన్నరొట్టెలకు ఆ ఆయిల్ వాసన పట్టేది. ఇప్పటికీ మెకానిక్ షాపు ముందు నుంచి నడుస్తుంటే నాకు ఆకలేస్తుంది. మా ఆయనకు చెబితే నమ్మడు.

తెల్లవారకముందే నీళ్ళ ట్యాంకరు హారన్. డ్రమ్ముల చప్పుడు. అమ్మా నాయనా తల మీద గుడ్డ చుట్టలు పెట్టుకుని పనిలోకి వెళ్ళిపోయేవాళ్ళు. ఆ గుడ్డ చుట్టకు మా వైపు ఆడవాళ్ళకొక పద్ధతి ఉంది, చివర కొస ఎడమ చెవి వెనక్కి దోపుతారు. వాళ్ళు కనబడినంత దూరం చూసి అవ్వ లోపలికి వచ్చేది. మధ్యాహ్నం కునుకు తీసేముందు పాత చీర అంచు చింపిన పేలిక ఒకటి నా నడుముకు కట్టి, రెండో కొస తన కాలికి కట్టుకునేది. నేను పునాది గుంటల వైపు పోకుండా. నేను కదిలితే ఆమె కడియం కదిలేది, ఆమె ఒక కన్ను తెరిచేది. ఆ క్యాంపులో పిల్లలందరినీ ఏదో ఒకదానికి కట్టేసేవాళ్ళు, మంచం కోడుకో, డ్రమ్ముకో. నన్ను మాత్రం మనిషికి కట్టేశారు.

ఇక ఆ రోజు. ఒక వ్యాన్ వచ్చింది. మనుషులు దిగి, ఆకుపచ్చ నెట్టు గుంజల మీద కట్టి నీడ చేశారు. పిల్లలందరినీ మొహాలు కడిగి తీసుకురమ్మన్నారు. మంచి చీర కట్టుకున్న ఒక మేడమ్ మమ్మల్ని చాప మీద కూర్చోబెట్టి తలా ఒక పలక ఇచ్చింది. కొత్త పలక, చుట్టూ పసుపుపచ్చ చెక్క చట్రం. నా చేతిలో ఆ పలక చల్లగా ఉండటం గుర్తుంది. "అందరూ నవ్వాలి, అ అనాలి" అంది మేడమ్. అన్నాం. ఆ తర్వాత నాకు గుర్తున్నది ఒక్కటే: నడుము దగ్గర పేలిక గట్టిగా బిగుసుకోవడం, అవ్వ నన్ను లాక్కుపోవడం, నేను ఏడవడం. మిగతా పిల్లలు ఆ నీడలోనే కూర్చుని ఉన్నారని, బడి సాగుతూనే ఉందని, నన్నొక్కదాన్నే అవ్వ తన అనుమానంతో లేపుకుపోయిందని ఏళ్ళ తరబడి నమ్మాను. అమ్మ ఆ పూట పనిలో ఉంది. ఆమెకు అవ్వ చెప్పింది కూడా ఇంతే: "ఫోటోల నాటకం. పోయిన్రు."

మా ఇంట్లో పిండి డబ్బా మీద ఎప్పుడూ మూతగా ఒక పలక ఉంటుంది. చట్రం ఒకవైపు ఊడిపోయింది. దాన్ని అవ్వ ఎక్కడో ఏరుకొచ్చిందనుకునేదాన్ని.

ఇప్పుడు నా ఉద్యోగం సంగతి చెప్పాలి, లేకపోతే మిగతాది అర్థం కాదు. ముందు నేనొక ఐటీ ఆఫీసులో వీడియోలు చూసి గుర్తులు పెట్టే పని చేసేదాన్ని. ఇది కారు, ఇది మనిషి, ఇది కుక్క. రోజంతా అదే. ఆ అనుభవం చూసి, నల్లగండ్లలో ఒక ఫ్లాట్ కిరాయికి తీసుకుని డాక్యుమెంటరీలు తీసే శ్రీధర్ సార్ నన్ను పనిలోకి తీసుకున్నారు. సార్‌ది రాజమండ్రి. ఈ ఐటీ ప్రాంతం ఎలా పుట్టిందో సినిమా తీస్తున్నారు. నా పని పాత టేపులు చూసి ఏ షాట్లో ఏముందో రాయడం. ఇంతకంటే నాకు నచ్చిన పని లేదు. "ఇక్కడంతా రాళ్ళే ఉండేవండీ" అని ఒక పెద్దాయన ఇంటర్వ్యూలో అంటాడు. అంటే ఎవరు నమ్ముతారు? వెంటనే రాళ్ళు కనిపించాలి. మాట చెబుతుంది, పాత బొమ్మ సాక్ష్యం పలుకుతుంది అంటారు సార్. ఆ సాక్షిని వెతికి తేవడం నా ఉద్యోగం.

కానీ సాక్షి ఎవరి మనిషో ఎవరూ అడగరు. నేను అడగడం మొదలుపెట్టాను. ఈ షాట్ ఎవరు తీశారు? ఎవరికి చూపించడానికి? దీనికి ముందు ఏముంది, తర్వాత ఏముంది? మా దగ్గరికి వచ్చిన టేపుల్లో ప్రారంభోత్సవాలున్నాయి, రిబ్బన్లున్నాయి, హెలికాప్టరు నుంచి తీసిన రోడ్లున్నాయి. ట్యాంకరు దగ్గర డ్రమ్ముల కొట్లాట ఒక్కటి లేదు. ఉండదు కూడా, మా దగ్గర కెమెరా ఎక్కడిది? ఆ రోజు కెమెరా ఎవరి చేతిలో ఉందో వాళ్ళ జ్ఞాపకమే ఊరంతటి జ్ఞాపకమై కూర్చుంటుంది. పైగా బొమ్మ కాస్త మసకగా, రంగు వెలిసి ఉంటే చాలు, జనం నమ్మేస్తారు. పాతబడినంత మాత్రాన అబద్ధం నిజమవుతుందా? ఒకసారి సార్ 'మాదాపూర్ కూలీలు' అని రాసి, ఆడవాళ్ళు తట్టలు మోస్తున్న షాట్ ఒకటి ఎడిటింగులో పెట్టారు. వాళ్ళ తల మీద గుడ్డ చుట్ట చూడగానే నాకు తెలిసిపోయింది.

"సార్, వీళ్ళు మా వాళ్ళు కాదు. ఇది ఇక్కడ తీసింది కాదు."

"కూలీలు కూలీలేగా అండీ. ఎవరు కనిపెడతారు?"

"మా అమ్మ కనిపెడ్తది సార్."

సార్ నవ్వి, తీసేశారు. "మీకు అనుమానం మహా ఎక్కువండీ అనితా" అన్నారు. మా అవ్వ పెంపకం సార్ అన్నాను. అప్పటికి ఆ మాట సరదాకే అన్నాను.

తర్వాత కొద్ది రోజులకు, మాదాపూర్‌లో మొదట్లో మేడలు కట్టిన ఒక కంపెనీ అప్పట్లో తీయించుకున్న ప్రచారచిత్రం మా చేతికొచ్చింది. సంగీతంతో, గొంతుతో, చక్కగా కత్తిరించి పూర్తి చేసింది. చూస్తున్నాను. క్రేన్లు, నమూనా మేడ, సూటు వేసుకున్నవాళ్ళ కరచాలనాలు. తర్వాత ఆకుపచ్చ నెట్టు కింద నీడ. చాప. పలకలు పట్టుకుని నవ్వుతున్న పిల్లలు. ముందు వరుసలో, నూనె రాసిన జుట్టుతో, పై పన్ను ఊడిపోయి, నడుముకు పేలికతో, నేను!

కుర్చీలోంచి లేచి అరిచాను. సార్ పక్క గదిలోంచి పరుగెత్తుకొచ్చారు. స్క్రీన్ మీద నన్నూ, ఎదురుగా నన్నూ మార్చి మార్చి చూశారు. డిగ్రీ రిజల్టు వచ్చిన వారమే అది. సార్‌కు ఆ రెండూ కలపడానికి ఎంతో సేపు పట్టలేదు.

"క్లైమాక్స్ దొరికిందండీ! పలక పట్టుకున్న పాప, కట్ చేస్తే డిగ్రీ పట్టా పట్టుకున్న మీరు. వెనకాల గొంతు: ఈ నగరం తనను కట్టిన చేతుల పిల్లలకు పలకనిచ్చింది. ఎలా ఉంది?"

చాలా బాగుందన్నాను. అబద్ధమెందుకు, ఆ రోజు నేల మీద నడవలేదు. నేను సినిమాలో! అదీ ఆఖర్న! మా ఆయనకు చెప్పాను, స్టేషన్ దగ్గర పూలమ్మే ఆమెకూ చెప్పాను. ఆమె మళ్ళీ ఒక మూర ఇచ్చింది.

ఆ ఆదివారం సార్ మా ఇంటికొచ్చారు, పెద్ద స్వీటు డబ్బాతో. మా గది చూసి చెప్పులు బయటే విడిచి, అమ్మకు నమస్కారం పెట్టి, "అమ్మగారూ, మీ అమ్మాయి మా సినిమాకే హీరోయిన్ అండీ" అన్నారు. నేను సంతకం చేయాల్సిన అంగీకారపత్రం కూడా తెచ్చారు. నా చిన్నప్పటి బొమ్మ, ఇప్పటి బొమ్మ వాడుకోవడానికి అనుమతి అన్నమాట. అమ్మ స్వీటు డబ్బా అందుకుని, మూత తీసి, వాసన చూసింది. అచ్చం అవ్వలాగే. సార్ కొంచెం ఖంగు తిన్నారు.

"తాజావేనండీ" అన్నారు.

"తాజాయే సార్. జర కూసోండ్రి, చాయ్ పెడ్త" అంది అమ్మ. చాయ్ తాగి సార్ వెళ్ళాక నా వైపు తిరిగింది. "ఏందే, సారు ఊకెనే స్వీట్లు తెస్తడా? ఏమంటడు?"

చెప్పాను. పలక పట్టుకున్న పాప, పట్టా పట్టుకున్న నేను. చెబుతుంటే నా గొంతులో సంతోషం నాకే వినబడుతోంది. అమ్మ డబ్బా మూత పెట్టేసింది.

"అంటే నిన్ను సదివించింది ఆ కంపినోళ్ళా?"

"అట్లనరమ్మా. జస్ట్ చూపిస్తరు."

"సూపెడ్తె గట్లనే అనుకుంటరు గద. ఆ పలకలు ఇచ్చినంక ఏమైందో గది ఉన్నదా దాంట్ల?"

లేదు. పూర్తయిన చిత్రంలో నవ్వులున్నాయి, ఆ వెంటనే మేడ ముందు ఫౌంటెన్ ఉంది. నవ్వులకూ ఫౌంటెన్‌కూ మధ్య ఏముందో అమ్మ అడిగేదాకా నాకు తట్టలేదు. అందరి టేపుల మీదా అడిగే ప్రశ్న, నా మొహం కనబడగానే అడగడం మానేశాను. సంతోషం ఎంత మత్తుమందో!

మర్నాడు ఆఫీసుకు వెళ్ళి, ఆ చిత్రం తీసిన పాత కెమెరామన్ మాకు ఇచ్చిన అట్టపెట్టె దించాను. కత్తిరించని టేపులు, కెమెరాలోంచి వచ్చినవి వచ్చినట్టే ఉన్నవి. ఎవరికీ అక్కర్లేక ఆయన ఇంటి అటక మీద ఉండిపోయినవి. సార్ వాటిని కంప్యూటర్లోకి ఎక్కించారు గానీ చూడలేదు. నేను చూస్తూ పోయాను. మమ్మల్ని కూర్చోబెట్టడం ఉంది. ఒక పిల్లవాడు తుమ్మితే మళ్ళీ నవ్వించడం ఉంది. నవ్వు చాలలేదని మేడమ్ వెనకాల ఎవరో కోతిలా గెంతడం ఉంది. మేం అందుకే అంత నవ్వాం! తర్వాత ఒక మగగొంతు "చాలు, కట్" అంది. కెమెరాను కింద పెట్టారు, ఇసుక కుప్ప మీద కాబోలు. ఆపడం మరిచిపోయారు. బొమ్మ పక్కకు ఒరిగిపోయింది. కాళ్ళు మాత్రం కనిపిస్తున్నాయి. బూట్లు, పిల్లల వట్టి పాదాలు. ఒక్కో పలకా గోనెసంచిలో పడుతున్న చప్పుడు. గుంజలు పీకేస్తున్నారు, నీడ తొలగిపోయి ఎండ పడింది. నేను ఏళ్ళ తరబడి సాగుతూనే ఉందనుకున్న బడి అంతసేపే ఉంది.

అప్పుడు వెండి కడియాలున్న రెండు కాళ్ళు వచ్చాయి.

సూపర్‌వైజర్ గొంతు: "ఏయ్ అవ్వా, పోరి చేతిల పలక ఇయ్యమను."

"ఇస్తది. బడి ఏది?"

టేపు వెనక్కి జరిపి మళ్ళీ విన్నాను. ఆ గొంతు విని ఎన్నేళ్ళయింది!

"ఏం బడి?"

"పొద్దుగాల ఆ మేడమ్ చెప్పింది గద, మీ పోరగాండ్లకు బడి పెడ్తున్నమని. బడి రానీ. వచ్చినంక పలక తీస్కపో."

"అది షూటింగ్ కోసం చెప్పింది అవ్వా. నీకు సమజ్ కాదు."

"పలక నేనడిగిన్నా? మీరే ఇచ్చిన్రు. ఇచ్చేటప్పుడు బడి అన్నరు, తీస్కునేటప్పుడు షూటింగ్ అంటరా?"

ఎవరో నవ్వారు. "ఇడిసిపెట్టన్నా, ఒక్క పలకనే గద" అంటున్నారు.

"ఇయ్యాల ఈమెకు ఇడిస్తె రేపు అందరు అడుగుతరు."

"అడగనీ" అంది అవ్వ. "అందరికి గావాలె గద బడి."

పేలిక బిగిసింది. నా ఏడుపు వినబడింది. నన్ను ఎత్తుకోవడానికి అవ్వ కిందికి వంగి గొంతుక్కూచుంది. అలా కూర్చోవడంతో, ఒరిగిపోయిన ఆ బొమ్మలోకి ఆమె మొహం మొత్తం వచ్చేసింది. కొంగు పక్కకు పోయి ఉంది. కెమెరా ఉందని ఆమెకు తెలియదు. నా చేతిలోని పలక తీసుకుంది. ముక్కు దగ్గర పెట్టుకుని వాసన చూసింది. కాసేపు ఆలోచించింది. ఒళ్ళో పెట్టుకుంది. తర్వాత ఎవరిదో చెయ్యి వచ్చి కెమెరాను కప్పేసింది.

ఇది నిజమేనా అని నన్ను నేనే అడిగాను. మత్తు వదిలాక నా పాత అనుమానం తిరిగొచ్చింది. గొంతు అవ్వదేనా, నాకు కావాలని అలా వినబడుతోందా? మొహం అవ్వదేనా? పోల్చి చూడడానికి ఒక్క ఫోటో లేదే! అందుకే అమ్మను ఆఫీసుకు తీసుకెళ్ళాను. అమ్మ మాదాపూర్‌లో ఒక లేడీస్ హాస్టల్లో వంట చేస్తుంది. ఆ పని అయ్యాక, మధ్యాహ్నం, ఇద్దరం షేర్ ఆటోలో నల్లగండ్ల వెళ్ళాం. ఏం చూపిస్తానో చెప్పలేదు. ముందే చెబితే అమ్మ కూడా కావాలని గుర్తుపడుతుందేమోనని.

అమ్మ కుర్చీ అంచున కూర్చుంది. ఏసీకి కొంగు కప్పుకుంది. కాళ్ళు కనబడగానే "అత్త కడెం" అంది. గొంతు వినబడ్డాక చెవి మీది కొంగు వెనక్కి తోసింది. మొహం వచ్చి, పలక వాసన చూసిందో లేదో, స్క్రీన్ వైపు ముందుకు వంగింది.

"ఇగ మా అత్తనే" అంది. మళ్ళీ పెట్టమంది. మళ్ళీ పెట్టాను. "చూసినవా, నాకు మాత్రం ఫోటోల నాటకం అని చెప్పి ఊకున్నది. ఇంత కొట్లాడిన అని ఒక్క మాట చెప్పలే." నా వైపు చూడకుండా అంది, "మళ్ళేడు నిన్ను బడికి తోల్కపొయ్యేటప్పుడు పలక పట్టుకొనే పోయింది. యాడిది అత్తా పలక అంటె, మనది కాదు, అడిగితె ఇచ్చెయ్యాలె అన్నది."

ఆ మాటతో ఆ ప్రయాణం మొత్తం నాకు గుర్తొచ్చింది. ఎండాకాలం సెలవులైపోయాక, అవ్వ నన్ను నడిపించుకుంటూ సర్కారు బడికి తీసుకెళ్ళింది. దారిలో అవ్వ అన్న మాటకు అప్పుడు అర్థం తెలియలేదు. "వాండ్ల బడి నడుసుకుంట మన తాన్కి వస్తదేమో అని సూస్తి. రాలే. మనకైతే కాళ్ళున్నయి గద." బడిలో పెద్దసారు పుట్టినతేదీ అడిగితే, పిల్ల ఎదురుగా ఉంటే పుట్టినట్టు కాదా అని వాదించి చేర్పించింది. నా చదువు మొదలైంది అలా. ఆకుపచ్చ నెట్టు కింద కాదు.

సార్ కూడా చూశారు. చూసి, వెనక్కి తిప్పి మళ్ళీ చూశారు. మంచివారే, అది నేను ఎప్పుడూ అంటాను. కానీ ఆయనకొక సినిమా పూర్తి కావాలి.

"గొప్ప షాటండీ, కాదనను. కానీ ఇది పెడితే మన కథ తిరగబడుతుంది. ముగింపు నెగటివ్ అయిపోతుంది. నవ్వుల ముక్క ఒక్కటి వాడుకుందాం. ఇది మీ ఇంట్లో దాచుకోండి, కాపీ చేసిస్తాను."

"నవ్వుల ముక్క పక్కన నా పట్టా పెడ్తే, ఆ బడి నిజంగ నడిచిందని అందరు అనుకుంటరు సార్."

"మనమెక్కడా నడిచిందని చెప్పడం లేదుగా."

"చెప్పనక్కర్లే సార్. పాత బొమ్మ చెప్తది. మీరే అన్నరు గదా, బొమ్మ సాక్ష్యం పలుకుతదని."

సార్ కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు. నేను ఇంటి నుంచి తెచ్చిన, సంతకం చేయని అంగీకారపత్రం బల్ల మీదే ఉంది. ఆయన దాన్ని నా వైపు నెమ్మదిగా జరిపారు, పెన్నుతో సహా. నేను భయపడ్డాను, నిజం. ఈ ఉద్యోగం నాకు కావాలి. సినిమాలో కనబడాలని కూడా ఉంది, ఎంత ఉందో చెప్పలేను. అమ్మ గోడకానుకుని నిలబడి ఉంది. ఆ కాగితాన్ని కాదు, సార్ రెండో చేతిని చూస్తోంది. నాకు నవ్వొచ్చింది. నవ్వొచ్చాక భయం పోయింది.

"సార్, మీ చేతిల సినిమా ఉన్నది, నా చేతిల సంతకం ఉన్నది. అవ్వ షాట్ మొత్తం పెట్టండ్రి. కట్ అన్నది, పలకలు సంచిల పడ్డది, కెమెరా ఒరిగింది, అన్నీ. అది పెట్టినంక సంతకం తీస్కోండ్రి."

సార్ నన్ను చూశారు, స్క్రీన్ మీద ఆగిపోయి ఉన్న అవ్వను చూశారు. "ఒకే కుటుంబమండీ మీరు" అన్నారు. అది మెచ్చుకోలో విసుగో ఇప్పటికీ నాకు తేలలేదు. ఆ రోజు ఒప్పుకోలేదు. వారం రోజులు నాతో పని మాటలే మాట్లాడారు. నేను వేరే ఉద్యోగం వెతకడం మొదలుపెట్టాను కూడా. తర్వాత ఒక పొద్దున నన్ను ఎడిటింగ్ గదిలోకి పిలిచి ముగింపు చూపించారు. ముందు ప్రచారచిత్రంలోని నవ్వులు, సంగీతంతో. అక్కడ సంగీతం టక్కున ఆగిపోతుంది. "చాలు, కట్" వినబడుతుంది. బొమ్మ ఒరుగుతుంది. ఆ తర్వాత అంతా అవ్వే. వెనకాల గొంతు లేదు, నా పట్టా లేదు. అవ్వ పలకను ఒళ్ళో పెట్టుకోవడంతో సినిమా అయిపోతుంది. కింద అక్షరాల్లో, పాత దృశ్యాల పరిశోధన అని నా పేరు. పెన్ను నేనే అడిగి తీసుకుని సంతకం చేశాను.

ఇదీ నా రెండో వార్త. డిగ్రీ పట్టా కూడా వచ్చింది, కాగితమే. అమ్మ అటూ ఇటూ తిప్పి, వాసన చూసి, బీరువాలో చీరల కింద పెట్టింది. ఇప్పుడు వాడకట్టులో చెప్పుకోవచ్చని అనుమతి ఇచ్చింది. అప్పటికి చెప్పడానికి ఎవరూ మిగల్లేదు.

ఇప్పుడు నేను లోకల్ రైల్లో ఆ అద్దాల మేడల పక్క నుంచి రోజూ వెళ్తాను. మేం రేకుల గదుల్లో పడుకున్న చోటు ఏ మేడ కిందికి వచ్చిందో నాకూ కచ్చితంగా తెలియదు. మా పిల్లవాడి ప్రతి నవ్వునూ నా ఫోన్లో తీసి పెట్టుకుంటున్నాను, వేలకొద్దీ. అవ్వకు మాత్రం ఉన్నదంతా ఎవరో ఆపడం మరిచిపోయిన ఆ కాసింత సేపే. పిల్లవాడు పెద్దయ్యాక ఇవి చూసి తన చిన్నతనమంతా నవ్వులేననుకుంటాడేమో. అందుకని ఈ మధ్య వాడు అలిగినప్పుడూ, ఫోన్ పక్కన పెట్టాక కూడా, ఆపకుండా కాసేపు వదిలేస్తున్నాను. ఏం దొరుకుతుందో ఎవరికి తెలుసు?

మా పిండి డబ్బా మూత ఆ పలకేనని సార్‌కు నేనే చెప్పాను. మొన్న ఆయన ఫోన్ చేశారు. సినిమా మొదటిసారి చూపించే రోజున హాలు బయట ఆ పలకను అద్దాల పెట్టెలో పెడదామని, ఒక్క పూటకు పంపించమని అడిగారు. స్పీకర్లో పెట్టాను, అమ్మ వినాలని. అమ్మ పిండి డబ్బా ముందు కూర్చుని ఉంది. మూత తీసి, పిండి తీసుకుని, మళ్ళీ మూత పెట్టి, దాని మీద చెయ్యి ఆనించింది.

"సూడాలనుకునేటోళ్ళను ఈడికే రమ్మను" అంది. "మూత తీసి పంపితె పిండికి పురుగు పడ్తది."